తెర వెనక చేతులు మనవి, కాగితం మీద పేరేదీ?

(పల్లె సభలో సినిమా, టీవీ కార్మికులం చేసిన ప్రసంగ పాఠం)



మేం హైదరాబాదు కృష్ణానగర్ నుంచి వచ్చాం. హీరోలం కాదు, డైరెక్టర్లం కాదు. లైట్లు మోసేవాళ్లం, ట్రాలీకి పట్టాలు పరిచేవాళ్లం, సెట్లకు మేకులు కొట్టేవాళ్లం, యూనిట్‌కి టిఫిన్లు అందించేవాళ్లం. మిరప కోతలు, పత్తి తీతలు అయిపోయాక మన పిల్లలు సినిమాల్లోకి పోతామంటున్నారు. పోవద్దని చెప్పడానికి రాలేదు. ఎట్లా పోవాలో చెప్పడానికొచ్చాం.

ముందు ఒక సంగతి. తెలుగు సినిమా డబ్బు ఆకాశం నుంచి ఊడిపడలా. కోస్తా పొలాల్లో మిగిలిన సొమ్ము మద్రాసు పోయి సినిమా అయింది. 1964లో సురేష్ ప్రొడక్షన్స్ పెట్టిన రామానాయుడు గారిది మన కారంచేడే, రైతు కుటుంబమే. ఆ పొలాలన్నిట్లో నడుం వంచిందెవరు? మన తాతలు, మన అమ్మలు. కనక సినిమాలో పని అడగడం ఎవరి దయా కాదు, మన హక్కు.

మరి అక్కడ జరిగేదేంది? పొలానికి మేస్త్రీ ముఠాని తోలుకుపోయినట్టే షూటింగుకి ఏజెంటు తోలుకుపోతాడు. కంపెనీ ఇచ్చిన డబ్బు ముందు అతని చేతిలో పడుద్ది. మిగిలింది మనకి. పేరడుగుతారు, ఊరడుగుతారు, ఆ తర్వాత ఊళ్లో ఏ వైపని అడుగుతారు. మాలో ఒకతనికి ఒక సీరియల్ కంపెనీ మూడు నెలల కూలి ఎగ్గొట్టింది. పోయి అడిగితే, "నువ్వు మా దగ్గర పనిచేసినట్టు కాగితమేదీ?" అన్నారు. పనిచేసినట్టు ఒళ్లంతా గుర్తులే. కాగితం మాత్రం లేదు.

ఆ కాగితం ఇవ్వాలని చట్టం ఎప్పుడో చెప్పింది. 1981లో పార్లమెంటు సినిమా కార్మికుల చట్టం చేసింది. రాతపూర్వక ఒప్పందం లేకుండా ఫీచర్ సినిమాలో పనికి పెట్టుకోకూడదంది. టీవీ వాళ్లు దాని బయటే ఉండిపోయారు. 2020లో చేసిన వృత్తి భద్రత కోడ్ 2025 నవంబరు 21 నుంచి అమల్లోకొచ్చింది. అందులో సీరియళ్లు, ప్రకటనలు, వెబ్ సిరీస్‌లు కూడా చేరాయి. కాంట్రాక్టరు ద్వారా పోయినా ఒప్పందం రాయాల్సిందే. కూలి, పని గంటలు, భద్రత, ప్రావిడెంట్ ఫండ్ అందులో ఉండాలి. చట్టం దానంతటది నడిచిరాదు. అడిగేవాడుంటేనే వస్తుంది.

ప్రాణం సంగతి కూడా చెప్పాలి. 2020 ఫిబ్రవరి 19 రాత్రి చెన్నై దగ్గర 'ఇండియన్ 2' సెట్‌లో క్రేన్ కూలి ముగ్గురు పోయారు. ముగ్గురూ తెర వెనక పనివాళ్లే. పిల్లవాడు ఏ కంపెనీలో, ఏ ఊళ్లో పనిచేస్తున్నాడో ఇంట్లో తెలియకపోతే రేపు ఎవర్ని పోయి అడుగుతారు?

కలిసి నిలబడితే ఏమవుతుందో కూడా చూశాం. 2025 ఆగస్టులో 30 శాతం కూలి పెంచమని ఫెడరేషన్ 18 రోజులు షూటింగులు ఆపింది. దశలవారీగా పెంచడానికి నిర్మాతలు ఒప్పుకోక తప్పలా. కానీ యూనియన్ కార్డుకి కట్టాల్సిన సొమ్ము కూలోడి ఇంట్లో పుట్టదు. కార్డు లేనోడికి ఆ పెరిగిన కూలీ అందదు.

అందుకని మేం అడిగేది ఇది. ఒంటరిగా రైలెక్కొద్దు, ముందుపోయినవాళ్లను కలుపుకుని పోండి. ఏ రోజు, ఏ కంపెనీ, ఎన్ని గంటలు, ఎంత కూలి - నోటుబుక్కులో రాసుకోండి. ఒప్పందం నకలు అడగండి. కార్డు సొమ్ముకి పల్లె సంఘం పొదుపులోంచి అప్పివ్వండి, పనిలో కుదిరాక తీరుస్తారు. చదువుకున్న పిల్లల్ని పూణే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌కి దరఖాస్తు పెట్టించండి. అది కేంద్ర ప్రభుత్వానిది, ఎస్సీ, ఎస్టీలకు రిజర్వేషన్ ఉంది. కెమెరా, ఎడిటింగ్, సౌండ్ అక్కడ నేర్పుతారు. లైటు మొయ్యడం మనకొచ్చు. అది ఎక్కడ పెట్టాలో చెప్పే పని కూడా మన పిల్లలకు రావాలి.

ఈ పల్లె నుంచి ఎవరెవరు సినిమా పనికి పోయారో ఈ రాత్రే పేర్లు రాద్దాం. పుస్తకం తెచ్చాం, రండి.

జై భీమ్!