టిఫిన్ బండి కొనే ముందు
(మండల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



వేరుశనగ మీద నమ్మకం సడలి మన అనంతపురం పల్లెల్లో చాలా కుటుంబాలు ఉగ్గాని బజ్జీ, జొన్నరొట్టె బండ్ల వైపు చూస్తున్నాయి. తోపుడు బండి అయితే ఒకచోటే నిలబడాలి, మోటారు బండి అయితే పొద్దున సంతలో, సాయంత్రం బస్టాండులో అమ్ముకోవచ్చని ఆశ. ఆ ఆశను మేము తప్పుపట్టం. కానీ షోరూములో సంతకం పెట్టకముందే కొన్ని లెక్కలు చూసుకోవాలి.

మొదట బరువు. ఈ-కార్ట్ అనే చిన్న బ్యాటరీ బండికి నిబంధనల ప్రకారం 310 కిలోల సరుకే ఎక్కించాలి. వేగం గంటకు 25 కిలోమీటర్లు దాటకూడదు. వంద లీటర్ల నీళ్లంటేనే వంద కిలోలు. వ్యాపారానికి ఇంటి సిలిండర్ వాడకూడదు, కమర్షియల్ సిలిండరే పెట్టాలి. 19 కిలోలదైతే ఇనుముతో కలిపి అది ముప్పై కిలోలు దాటుతుంది. పొయ్యి, పెనం, పిండి, నూనె డబ్బాలు, స్టీలు కౌంటరు, పైకప్పు చేరిస్తే ఇంకేం మిగిలింది? ఒక్క చార్జింగుకు ఇన్ని కిలోమీటర్లు వస్తుందని డీలరు చెప్పేది ఈ బరువుతో కాదు. సామానంతా ముందే కాటా వేయించండి, తర్వాతే ఏ బండి సరిపోతుందో అడగండి. వెల్డింగు షాపులో ఇష్టమొచ్చినట్టు బాడీ కట్టించకండి. మార్పులకు ఆర్టీఓ అనుమతి లేకపోతే ప్రమాదం జరిగిన రోజు బీమా కంపెనీ దాన్నే పట్టుకుంటుంది.

అసలు ముంచేది అప్పు. ఫైనాన్స్ వాళ్లు "పది శాతమే" అంటారు. ఫ్లాట్ వడ్డీయా, తగ్గే బాకీ మీద వడ్డీయా అని మనం అడగం. 2 లక్షలు మూడేళ్లకు తీసుకున్నామనుకోండి. ఫ్లాట్ పది శాతమైతే వడ్డీ 60,000, నెలకు కంతు 7,222 రూపాయలు. తగ్గే బాకీ మీద అదే పది శాతమైతే వడ్డీ సుమారు 32,300, కంతు 6,453. మాట ఒకటే, తేడా 27,000 పైన! వానకు వారం రోజులు బండి కదలకపోయినా కంతు ఆగదు. పట్టాదారు పాసుపుస్తకం మాత్రం ఈ అప్పుకు పెట్టొద్దు.

ఇంకో సంగతి, కొందరికి కోపం వచ్చినా చెప్పాలి. పొదుపు సంఘం అప్పు అక్క పేరున, బండి రిజిస్ట్రేషను బావ పేరున. కంతు కట్టేది ఆమె, గొడవ వస్తే బండి తోలుకుపోయేది ఆయన. అప్పు ఎవరి పేరున ఉందో బండీ వాళ్ల పేరునే ఉండాలి.

ఇక చోటు. 2014 వీధి వ్యాపారుల చట్టం కింద పట్టణాల్లో అమ్మకపు సర్టిఫికెట్ ఇవ్వాలి, 30 రోజుల నోటీసు లేకుండా తరలించకూడదు. అయితే ఆ చట్టం పట్టణాలకే. మన మండల కేంద్రాలు చాలావరకు గ్రామ పంచాయతీలే. అందుకే సంతలో, బస్టాండు దగ్గర బండ్లకు చోటు కేటాయిస్తూ పంచాయతీ తీర్మానం చేయాలని మన సంఘం అడుగుతోంది. ఊరూరా అర్జీలు పెట్టండి.

వీలైతే ముందు ఒక నెల తోపుడు బండి అద్దెకు తీసుకుని అమ్మి చూడండి. రోజుకు ఎంత మిగిలిందో నోటుబుక్కులో రాసుకోండి. ఆ పుస్తకం, డీలరు కొటేషను, ఫైనాన్స్ కాగితం మూడూ తీసుకుని సంఘం ఆఫీసుకు రండి, కూర్చుని చూద్దాం.