కొండవాగుల చారల చేప

తమిళనాడులోని చోళపురం ఊరికి పడమటి దిక్కున ఉన్నవి పడమటి కనుమలు. ఆ కనుమల వాగులకే పరిమితమైన చిన్న చేప బారిలియస్ గాటెన్సిస్. వెండి ఒంటిపై నిలువు చారలుంటాయి.

ఈ కోవ చేపలను ఆంగ్లేయులు ‘కొండ ట్రౌట్’ అన్నారు. నిజానికివి కార్ప్ జాతికి దగ్గరివి. అసలు ట్రౌట్లు నీలగిరికి బయటి దేశాల నుంచి తెచ్చినవే.

గులకరాళ్ల మీద పారే తేటనీరు దీనికి ఇల్లు, నీటిపై వాలే పురుగులు ఆహారం. చేపలు పట్టాలని వాగులో విషం కలిపినా, పేలుడు మందు పేల్చినా చేపపిల్లలతో సహా అన్నీ చస్తాయి.

ఈ కనుమల్లోనే 2021లో శ్రీవిల్లిపుత్తూరు–మేఘమలై పులుల అభయారణ్యం ఏర్పడింది. పులి కోసం కాపాడే అడవే వాగులనూ నిలబెడుతుంది.

ఈ కనుమల్లోని అయ్యనార్ జలపాతానికి వెళ్లేవారు సబ్బు, షాంపూ నీటిలో కలపకండి. అక్వేరియం చేపలను వాగుల్లో వదలకండి.