ఆ ఆకాశాన్ని తీసినాయన



'ముత్యాలముగ్గు'లో తెల్లవారే ఆకాశాన్ని చూసి కాంట్రాక్టరు వేషంలో రావు గోపాలరావు చెప్పే మాట మీలో చాలామందికి నోటికి వచ్చు. మన తిరుత్తణి, తిరువళ్ళూరులలో తమిళ బడిలో చదివినవాళ్ళు కూడా అప్పజెప్పుతారు. మొన్న తరగతిలో ఒక పిల్లవాడు అడిగాడు: "అయివారా, ఆ మాట రాసింది ముళ్ళపూడి వెంకటరమణ అన్నారే, మరి ఆ ఆకాశాన్ని తీసిందెవరు?"

ఇషాన్ ఆర్య. తెలుగువాడు కాదు. ప్రకటన చిత్రాలు తీసేవాడు. ఛాయాగ్రాహకుడుగా ఆయన మొదటి కథాచిత్రం 1973లో ఎం.ఎస్. సత్యు తీసిన 'గరమ్ హవా'. దేశం రెండయినాక ఉండాలా, పోవాలా అని నలిగిపోయే ఆగ్రా ముస్లిం కుటుంబం కథ. (1960 ఏప్రిల్ 1న ఊరు కదలకుండానే రాష్ట్రం మారినవాళ్ళం మనం. మనకా తిప్పలు రాలేదు.) ఫిలిం ఫైనాన్స్ కార్పొరేషన్ ఇచ్చింది 2,50,000 రూపాయలు. చాలక స్నేహితుల దగ్గర అప్పు చేశారు. కెమెరా కూడా ఒక మిత్రుడిదే. మాటలు అక్కడికక్కడే పట్టే యంత్రం లేక బొంబాయిలో తరువాత చేర్చారు. ఊళ్ళో అభ్యంతరాలు లేచినప్పుడు జనాన్ని మళ్ళించడానికి ఫిలిం లేని కెమెరాతో ఇంకో బృందాన్ని వేరే చోటికి పంపారు! నిర్మాతల్లో ఇషాన్ ఆర్య కూడా ఒకడు.

స్టూడియోలో దీపం కావలసిన చోట పెట్టుకోవచ్చు. వీళ్ళు తీసింది ఆగ్రాలోని నిజమైన ఇంట్లో. అటువంటి చోట కిటికీ ఎటుంటే వెలుతురు అటే. మనిషినే జరపాలి.

తరువాత 1975లో బాపు 'ముత్యాలముగ్గు'. నిర్మాత ఎం.వి.ఎల్. నూజివీడులో తెలుగు అధ్యాపకుడు. బడిపంతులుగా నాకిది కాస్త గర్వం. ఆ చిత్రానికే రంగుల ఛాయాగ్రహణంలో ఇషాన్ ఆర్యకు జాతీయ బహుమతి వచ్చింది.

మా పిల్లవాడికి కెమెరా పని మీద ఆశ. తండ్రేమో శ్రీపెరుంబుదూరు ఫ్యాక్టరీ ఉద్యోగమే అంటాడు. ఆయన మాట తీసిపారేయలేను. ఇషాన్ ఆర్యకు ప్రకటన చిత్రాల పని ముందే చేతిలో ఉంది. అప్పు బొమ్మలు కూడు పెట్టవు. అయినా చెన్నై తరమణిలో ప్రభుత్వ ఫిలిం ఇన్‌స్టిట్యూట్ ఉంది, తిరుత్తణి నుంచి చెన్నైకి లోకల్ రైలు ఉంది. ఆదివారం తండ్రితో మాట్లాడతానన్నాను.

ఈలోగా ఒక పని చెప్పాను. దీపం వేయకుండా, అమ్మ పొయ్యి దగ్గర ఉండగా, సెల్‌ఫోనుతో ఒక్క బొమ్మ తీసుకురమ్మన్నాను. నిన్న తెచ్చాడు. ముఖం సగం చీకటి. కిటికీ వైపు చెంప మాత్రం వెలుగుతున్నది. తండ్రికి చూపించాలని అడిగి నా దగ్గర ఉంచుకొన్నాను.