ల్యాబు మనది, లాభం ఎవరిది?

(విశ్వవిద్యాలయ విద్యార్థుల సదస్సులో ఒక జర్నలిస్టు చేసిన ప్రసంగ పాఠం)



నన్ను పిలిచిన తమ్ముళ్లు "అన్నా, యూనివర్సిటీలు పరిశ్రమలు కలిసి పనిచేసే ముచ్చట మీద మాట్లాడాలె" అన్నరు. నేను కంపెనీ పెట్టినోణ్ని కాదు. శాస్త్రవేత్తను అసలే కాదు. డిగ్రీ చదువుకుంట ఉద్యమంలోకి వచ్చిన, ఉద్యమం నుంచి పత్రికలోకి వచ్చిన. అయితే ఉద్యమం నాకు ఒక అలవాటు నేర్పింది. ఎక్కడ సంపద పుట్టినా రెండు ప్రశ్నలు అడగాలె. ఇది ఎవరి కష్టంతో పుట్టింది? ఎవరి ఇంటికి పోయింది? నీళ్ల మీద అడిగినం, నిధుల మీద అడిగినం, కొలువుల మీద అడిగినం. చదువు నుంచి పుట్టే సంపద మీద మాత్రం గట్టిగ అడగలేదు. ఇయ్యాల అది అడుగుదాం.

తార్నాక చౌరస్తాలో నిలబడి ఒకసారి చుట్టూ చూడండి. ఒక దిక్కు 1918లో పుట్టిన ఉస్మానియా. ఇంకో దిక్కు ఐఐసీటీ. అది 1944లో హైదరాబాద్ రాజ్యం పెట్టిన పరిశోధనశాల, తర్వాత కేంద్రం చేతికి పోయింది. కొంత దూరం నడిస్తే హబ్సిగూడలో సీసీఎంబీ, ఎన్‌జీఆర్‌ఐ. ఇటు పోషకాహార సంస్థ. 2009 నుంచి మనం ఊరేగింపులు తీసింది ఈ రోడ్ల మీదనే. కానీ ఈ ప్రహరీగోడల లోపల ఏం తయారైందో, అది ఎట్ల బయటికొచ్చిందో మనలో చానమందికి తెల్వదు.

ఒక కథ చెప్త. కథ అంటే కల్పన కాదు, జరిగింది.

హెపటైటిస్-బి అని ఒక రోగం. రక్తం ద్వారా సోకుతది, తల్లి నుంచి బిడ్డకు సోకుతది. ఏండ్ల తరబడి లోపలుండి కాలేయాన్ని పాడుచేస్తది. 1990ల మొదట్లో దీనికి టీకా ఉన్నది, కానీ విదేశాల నుంచి రావాలె. ఒక్క సూది 750 రూపాయల పైమాట. మూడు సూదులు వేయించాలె. నలుగురున్న ఇంటికి లెక్క కడితే తొమ్మిది వేలు. ఆనాడు కూలికి పోయే మనిషికి అది రోగం కంటే పెద్ద భయం.

వరప్రసాద్ రెడ్డి అనే ఎలక్ట్రానిక్స్ ఇంజనీరు 1992లో జెనీవాలో జరిగిన ఒక సమావేశానికి పోయి ఈ సంగతి తెలుసుకున్నడు. ఆ పరిజ్ఞానం అమ్మమని విదేశీ కంపెనీని అడిగితే అవమానించి పంపిన్రని ఆయనే పలుమార్లు చెప్పుకున్నడు. 1993లో తల్లి పేరు మీద శాంతా బయోటెక్నిక్స్ పెట్టిండు. చేతిలో ఫ్యాక్టరీ లేదు, ల్యాబు లేదు. మన దగ్గర అప్పు పుట్టలేదు. ఒమన్ దేశపు మంత్రి యూసుఫ్ బిన్ అలావీ పెట్టుబడి పెట్టిండు.

మరి ల్యాబు ఎక్కడిది? ఇక్కడ చెవిపెట్టి వినండి. ఆ కంపెనీ మొదటి పరిశోధన నడిచింది ఉస్మానియా యూనివర్సిటీ ల్యాబులో. తర్వాత సీసీఎంబీలో. వైరస్ పైపొరలో ఉండే ఒక ప్రొటీన్‌కు సంబంధించిన జన్యువును తీసి, పిచియా పాస్టోరిస్ అనే ఒక రకం ఈస్ట్‌లో పెట్టిన్రు. ఆ ఈస్ట్ పెరిగినకొద్దీ ఆ ప్రొటీన్‌ను తయారుచేస్తది. దాన్ని వడకట్టి, శుద్ధిచేస్తే టీకా. చెప్పడానికి నాలుగు మాటలు, చెయ్యడానికి నాలుగేండ్లు. 1997 ఆగస్టులో షాన్‌వ్యాక్-బి మార్కెట్లోకి వచ్చింది. ధర దాదాపు 50 రూపాయలు. తొమ్మిది వేలు కావల్సిన ఇంటికి ఆరువందలు సరిపోయినయి. 2002లో ప్రపంచ ఆరోగ్య సంస్థ ఆమోదం కూడా దొరికింది.

ఈ కథలో ముగ్గురున్నరు. తెగించినోడు ఒకడు. పెట్టుబడి పెట్టినోడు ఒకడు. మూడోది ప్రజల పైసలతో కట్టిన ల్యాబు. మొదటి ఇద్దరి పేర్లు అందరికీ తెలుసు. మూడోదాని పేరు ఎవరూ తలువరు. నేను ఆ పారిశ్రామికవేత్తను తక్కువ చేస్తలేను. ఆయన తెగింపు లేకుంటే టీకా లేదు. కానీ ల్యాబు తలుపు తెరవకుంటే కూడా లేదు.

మరి తర్వాత ఏమైంది? ఆ కంపెనీ మొదట ఫ్రాన్స్‌కు చెందిన మెరియూ అలయన్స్ చేతికి పోయింది. 2009లో సనోఫీ దాన్ని 55 కోట్ల యూరోల విలువ కట్టి తీసుకున్నది. వ్యాపారంలో కొనుడు, అమ్ముడు ఉంటయి. తప్పు పట్టేందుకు చెప్తలేను. ల్యాబులో మొలకెత్తిన విత్తనం ఇన్ని వేల కోట్ల చెట్టు అయితదని మనకు తెల్వాలె. తెలిస్తేనే విత్తనం ఇచ్చేనాడు ఏం రాసుకోవాలో సోయి ఉంటది.

రెండో కథ కూడా ఆ తార్నాకదే. ఎయిడ్స్ మందు జిడోవుడిన్‌ను ఎట్ల తయారుచెయ్యాలో ఐఐసీటీలో డాక్టర్ ఎ.వి. రామారావు నాయకత్వంలో పనిచేసిన్రు. ఆ పద్ధతిని సిప్లా కంపెనీ తీసుకొని 1990ల మొదట్లో దేశంలో మందు తెచ్చింది. అది సాధ్యమైంది 1970 పేటెంట్ల చట్టం వల్ల. ఆ చట్టం మందుకు పేటెంటు ఇయ్యలేదు, తయారీ పద్ధతికే ఇచ్చింది. వేరే పద్ధతి కనిపెడితే మందు చేసుకోవచ్చు. 2005లో ఆ చట్టం మారింది.

అదే సిప్లా 2001 ఫిబ్రవరిలో మూడు ఎయిడ్స్ మందులు కలిపి మనిషికి ఏడాదికి 350 డాలర్లకే ఇస్తమని ముందుకొచ్చింది. అప్పటిదాక పడమటి దేశాల్లో అది పదివేల డాలర్ల పైమాట. ఆ మూడు మందుల్లో ఒకటి స్టావుడిన్. దాని పేటెంటు ఎవరిదో తెలుసా? అమెరికాలోని యేల్ యూనివర్సిటీది. అక్కడి ప్రొఫెసర్లు ఎయిడ్స్ మీద దాని గుణం కనిపెడితే, యూనివర్సిటీ దాన్ని బ్రిస్టల్-మయర్స్ స్క్విబ్ కంపెనీకి రాసిచ్చింది. రాయల్టీ తీసుకున్నది. దక్షిణాఫ్రికాలో రోగులు సస్తుంటే చవక మందు లోపలికి రానియ్యడానికి ఆ కాగితం అడ్డం నిలబడ్డది.

అప్పుడు కదిలింది ఎవరో తెలుసా మిత్రులారా? విద్యార్థులు. యేల్ విద్యార్థులు సంతకాలు సేకరించిన్రు, యూనివర్సిటీని నిలదీసిన్రు. ఆ మందు మీద పనిచేసిన ప్రొఫెసర్ విలియం ప్రూసాఫ్ కూడా వాళ్ల దిక్కు నిలబడ్డడు. నెలరోజులు తిరగకముందే, 2001 మార్చిలో, ఆఫ్రికాలో ఆ పేటెంటును అడ్డం పెట్టమని కంపెనీ ప్రకటించింది. ధర కూడా నేలకు దిగింది. కంపెనీకి దయ పుట్టి కాదు. పేటెంటు మా యూనివర్సిటీది, మా ల్యాబుది, మా మాట వినాలె అని పిల్లలు పట్టుబట్టినందుకు.

యూనివర్సిటీ, పరిశ్రమ కలవొద్దని ఈ రెండు కథలు చెప్తలేవు. కలవాలె. కలవకుంటే పరిశోధన బీరువాలో మురుగుతది. నేను డిగ్రీ చదివిన కాలేజీలో నలుగురికి ఒక బ్యూరెట్. ప్రయోగం ఒకడు చేస్తే ముగ్గురం రికార్డు రాసుకున్నం. అట్లాంటి చదువు నుంచి ఆవిష్కరణ రాదు. పరిశ్రమ నుంచి పనిముట్లు, పైసలు, నిజమైన సమస్యలు లోపలికి రావాలె. కానీ ఏ షరతుల మీద కలుస్తున్నం అన్నదే అసలు ముచ్చట.

అమెరికాలో 1980లో బే-డోల్ చట్టం వచ్చింది. సర్కారు పైసలతో చేసిన పరిశోధన మీద పేటెంటు హక్కు యూనివర్సిటీకే ఉండొచ్చన్నది. గూగుల్ పుట్టింది స్టాన్‌ఫర్డ్‌లో. వెతుకుడు పద్ధతి మీద పేటెంటు యూనివర్సిటీ పేరు మీద ఉండె. దాన్ని వాడుకున్నందుకు కంపెనీ షేర్లు ఇచ్చింది. 2005లో ఆ షేర్లు అమ్మితే స్టాన్‌ఫర్డ్‌కు 33 కోట్ల డాలర్లకు పైగా వచ్చినయి. అంటే ల్యాబుకు వాటా అడుగుడు నేరం కాదు, పెట్టుబడిదారీ దేశంలోనే అడుగుతున్నరు. మన దేశంలో కూడా అట్లాంటి బిల్లు 2008లో రాజ్యసభలో పెట్టిన్రు, 2014లో వెనక్కి తీసుకున్నరు. ప్రజల పైసలతో పుట్టిన మందు ప్రజలకే అందకుండ పోతదని అప్పుడు చానమంది అభ్యంతరం చెప్పిన్రు. వాటా ఉండాలె, కానీ వాటా ఒక్కటే సరిపోదు. ధర మీద కూడా మాట ఉండాలె. యేల్ కథ చెప్పేది అదే.

ఇగ మన దగ్గరికి వద్దాం. రాష్ట్రం వచ్చినంక 2015లో గచ్చిబౌలి ట్రిపుల్‌ఐటీ ఆవరణలో టీ-హబ్ పెట్టిన్రు. 2022లో రాయదుర్గంలో పెద్ద భవనం కట్టిన్రు. మంచిదే. ఊరి పిల్లగాడు కూడా ఆలోచన పట్టుకొని పోయే జాగ ఒకటి ఉండాలె. కానీ 2014 నుంచి 2024 దాకా మన విశ్వవిద్యాలయాల్లో పెద్ద ఎత్తున శాశ్వత అధ్యాపక నియామకాలు జరగలేదు. ప్రొఫెసరు లేని ల్యాబు, ల్యాబు లేని హబ్బు. చెరువు తవ్వకుండ తూము కడితే నీళ్లెక్కడి నుంచి వస్తయి?

ఇంకో మాట. పరిశ్రమ అంటే అద్దాల మేడ ఒక్కటేనా? ఆలేరు దగ్గర శారాజీపేటలో చింతకింది మల్లేశం ఉన్నడు. బడి మధ్యలో ఆపేసిన నేతబిడ్డ. చీరకు ఆసు పోసుడంటే వేలసార్లు చేయి ఆడించాలె. తల్లి లక్ష్మమ్మ భుజం నొప్పితో గోస పడుతుంటే చూడలేక ఏండ్లకేండ్లు తండ్లాడి ఆసు యంత్రం చేసిండు. 2017లో పద్మశ్రీ వచ్చింది. ఆవిష్కరణకు కావల్సింది సూటుబూటు కాదు, నొప్పి తెలిసిన మనసు. అట్లాంటోనికి ఇంజనీరింగ్ కాలేజీ వర్క్‌షాపు తలుపు మొదటిరోజే తెరుచుకుంటే ఎన్ని ఏండ్లు కలిసొచ్చేవో ఆలోచించండి. నేతన్న పరిశ్రమ కాదా? రైతు పరిశ్రమ కాదా?

అందుకే మీరు అడగాల్సినవి నాలుగు ముచ్చట్లు. ఒకటి, యూనివర్సిటీ ఏ కంపెనీతో ఒప్పందం చేసుకున్నా ఆ కాగితం విద్యార్థుల ముందు పెట్టాలె. రెండు, ప్రజల పైసలతో పుట్టినదాని మీద ల్యాబుకు వాటా రావాలె, ఆ వాటాతో పేద పిల్లలకు ఫెలోషిప్పులు ఇయ్యాలె. మూడు, మందు అయినా విత్తనం అయినా మన జనానికి అందే ధరకు అమ్మాలని ఒప్పందంలోనే రాయించాలె. నాలుగు, ఖాళీలు నింపాలె, వర్క్‌షాపుల తలుపులు చేతివృత్తులోళ్లకు తెరవాలె.

మీలో రేపు కంపెనీ పెట్టేటోళ్లు ఉంటరు. పెట్టండి, ధైర్యంగ పెట్టండి. ఉద్యోగం అడుక్కునే కాడ నిలబడకుండ పదిమందికి ఉద్యోగం ఇయ్యండి. కానీ మీకు బ్యూరెట్ అందించిన ల్యాబు అటెండరును, ఆ ల్యాబు కట్టిన కూలిని, పన్ను కట్టిన తల్లిని లెక్కలో పెట్టుకోండి. 50 రూపాయల సూది మన గల్లీలో పుట్టింది. మళ్ల పుట్టించొచ్చు. ఈసారి విత్తనం చేతిలో పెట్టేముందు కాగితం చదువుదాం.

జై తెలంగాణ!