కిన్నెర కరిగింది, మాగీ తిరిగివచ్చింది

పాల్వంచ అడవులలో పారే కిన్నెరసాని ఏటిని విశ్వనాథ సత్యనారాయణగారు తమ పాటలలో ఒక కోడలిగా భావించారు. అత్త ఆరళ్లకు అడవి పాలైన ఆమె భర్త కౌగిలిలోనే కరిగి ఏరైంది. కావ్యంలో దేహం దుఃఖాన్ని అట్లు దాటిపోగలదు.

నవలలో ఆ వెసులుబాటు అరుదు. జార్జి ఎలియట్ 1860లో ప్రకటించిన ‘ది మిల్ ఆన్ ది ఫ్లాస్’లో మాగీ, తన తల్లి తోబుట్టువు కుమార్తె లూసీ వలచిన స్టీఫెన్‌తో పడవలో చాలా దూరం వెళ్లిపోతుంది. ప్రేమ నిజమే, దేహం విన్న పిలుపూ నిజమే. అయినా నమ్మినవారిని ఏడిపించి తాను సుఖపడలేక, పెండ్లికి నిరాకరించి ఒంటరిగా మరలివస్తుంది. ఊరు నిందించింది. అన్న గడప తొక్కనీయలేదు.

చివరకు వరద అన్నాచెల్లెళ్లను కలిపి ముంచింది. వరద రచయిత్రి కల్పన. తిరిగిరావడం మాగీ స్వయంగా చేసుకొన్న నిర్ణయం. నింద తప్పదని తెలిసీ ఆమె వేసిన ఆ అడుగులనే పాఠకుడు మరువలేడు.