సామూహిక ప్రజ్ఞ గుంపు సగటు కాదు
(స్మారకోపన్యాసం)

  ఎవరి స్మృతికి ఈ సభ జరుగుతోందో ఆ మాస్టారు నాతో ఏనాడూ ఏకీభవించలేదు. వాదన ముదిరితే టీ తెప్పించేవారు, తాగాక మళ్లీ అక్కడి నుంచే అందుకునేవారు. ఆయనకూ నాకూ తెగని వాదాన్నే ఇవాళ మీ ముందు పెడతాను.

ఆ వాదం పియేర్ లెవీ గురించి. ఆయన ట్యునీషియాలో పుట్టిన ఫ్రెంచి తత్త్వవేత్త. సామూహిక ప్రజ్ఞపై ఆయన పుస్తకం 1994లో వచ్చింది.  నా తగవల్లా ఒక్కటి: లెవీ భావనను ‘గుంపు వివేకం’తో, అంటే చాలామంది విడివిడి అంచనాలను కలిపితే నిజానికి దగ్గరగా వస్తుందన్న ఆలోచనతో, కలిపేస్తున్నారు. మాస్టారూ కలిపేవారు.

గుంపు వివేకానికి అందరూ చూపే సాక్ష్యం బ్రిటిష్ గణాంకవేత్త గాల్టన్ ఎద్దు. ఇంగ్లండ్‌లోని ప్లిమత్ పశు ప్రదర్శనలో ఎద్దు మాంసం తూకం చెప్పే పోటీ పెట్టారు. లెక్కకొచ్చిన చీట్లు 787. మధ్యస్థ అంచనా 1207 పౌండ్లు, అసలు తూకం 1198. గాల్టన్ దీన్ని 1907లో ‘నేచర్’లో ప్రకటించాడు. అంతకుముందే 1785లో, తప్పు కంటే ఒప్పు చెప్పే అవకాశం ఎక్కువున్నవారు పెరిగేకొద్దీ మెజారిటీ తీర్పు సరైనదయ్యే అవకాశమూ పెరుగుతుందన్న కోండోర్సే న్యాయనిర్ణేతల సిద్ధాంతం ఉంది. 2004లో పాత్రికేయుడు సురోవీకీ పుస్తకం ఈ ఆలోచనను ఇంటింటికీ చేర్చింది. వీటన్నిటికీ ప్రాణమైన షరతు ఎవరికి వారు విడిగా తేల్చుకోవడం. పక్కవాడి మాట చెవిన పడితే లెక్క చెడుతుంది.

లెవీ షరతు దీనికి నేరుగా ఎదురు. అన్నీ తెలిసినవాడు లేడు, ఏమీ తెలియనివాడూ లేడు. కనుక ఒకరి నుంచి ఒకరు నేర్చుకోవాలి. వ్యక్తులు పరస్పరం గుర్తించుకోవడమే ఆయన దృష్టిలో సామూహిక ప్రజ్ఞకు పునాది, గమ్యం కూడా. మిషెల్ ఓతియేతో కలిసి 1992లో రాసిన ‘జ్ఞానవృక్షాలు’ పుస్తకంలో పట్టా లేనివాడి నేర్పుకూ చోటుంది. సగటులో ఆ చోటు లేదు. జీవితమంతా పశువుల మధ్య గడిపినవాడూ అక్కడ ఒక చీటీయే.

మనుషులు రాసిన కోట్లాది పుటలు మింగి జవాబులిచ్చే నేటి యంత్రాలతో లెవీ కల పండిందని కొందరంటున్నారు. లెవీ యంత్రాలకు శత్రువు కాడు, నిజమే. కానీ చెప్పినవాడెవరో చెరిపేశాక గుర్తింపు ఎక్కడిది? ఆయన 1994లో పెట్టిన గీటురాయి మీద ఈ వాదన నిలవదు. ‘సాంకేతికత, కాలం’ మొదటి సంపుటం అదే ఏట వెలువరించిన ఫ్రెంచి తత్త్వవేత్త బెర్నార్ స్టీగ్లర్ ఇక్కడ మనకు అక్కరకొస్తాడు. పనివాడి నేర్పు యంత్రంలోకి వెళ్లిపోయి అతని చేతిలో మిగలకపోతే, అతను కోల్పోయేది కూలి ఒక్కటే కాదు, జ్ఞానం కూడా అన్నాడు. అందుకే పారిస్‌కు ఉత్తరాన ప్లేన్ కొమ్యూన్‌లో నివాసులనే పరిశోధనలో భాగస్వాములను చేశాడు.

మనకు ఈ దారి కొత్త కాదు. భద్రిరాజు కృష్ణమూర్తి గారి సంపాదకత్వంలో 1962లో వచ్చిన ‘మాండలిక వృత్తి పదకోశం’ వ్యవసాయ సంపుటం రైతుల నోటి నుంచి పుట్టింది. నేనిప్పుడు ఉత్తర కోస్తాలో వేటకు పోయేవాళ్ల దగ్గర గాలుల, వలల, నీటివాటాల మాటలు సేకరిస్తున్నాను. ఒప్పుకున్నవారి పేరు, ఊరు ప్రతి మాట పక్కనా ఉంటాయి. మరొకరు కాదంటే ఆ కాదనడమూ అక్కడే ఉంటుంది.

మీ శాఖల బీరువాల్లో క్షేత్రపరిశోధన టేపులుంటే, వాటిని కంప్యూటర్‌కెక్కించే ముందు ఆ ఊళ్లకు తీసుకెళ్లండి. వాళ్లకు వినిపించండి. పేర్లు అడిగి రాయండి, తప్పులు వాళ్లచేతే దిద్దించండి.