పిన్‌లో 7 ఉందని తెలిసిపోతే ఎన్ని మిగులుతాయి? ప్రస్తారాల్లో చిన్న మెలిక

ఈరోజు ఎపిసోడ్‌ని నేరుగా ఒక ప్రశ్నతో మొదలుపెడతాను. మీరు ఏటీఎంలో నాలుగంకెల పిన్ కొడుతున్నారు అనుకోండి. వెనకాల ఉన్నవాడికి మొత్తం కనపడలేదు. కానీ మీ వేలు 7 మీదకి వెళ్ళడం మాత్రం చూశాడు. అది మొదటి అంకెనా, చివరి అంకెనా, ఒకసారే కొట్టారా, రెండుసార్లు కొట్టారా, ఏమీ తెలీదు. 7 ఉంది, అంతే. ఇప్పుడు వాడు ఎన్ని పిన్‌లు ట్రై చెయ్యాలి?

ఇంటర్ మ్యాథ్స్ చదివినవాళ్ళకి ఇది ప్రస్తారాల లెక్క అని ఈపాటికి అర్థమైపోయి ఉంటుంది. ప్రస్తారం అంటే వరుసలో పేర్చడం. వరుస మారితే లెక్క మారుతుంది. 7215, 5217 రెండూ వేరు వేరు పిన్‌లు కదా! అలాంటి వరుసల్లో ఒక వస్తువు కచ్చితంగా ఉండాలి అన్నప్పుడు ఎలా లెక్కపెట్టాలి? ఇదే మన టాపిక్.

ముందు ఈజీ కేసు. ఏ అంకే రిపీట్ కాకూడదు అనుకుందాం. సున్నాతో మొదలైనా పర్లేదు, ఎందుకంటే ఇది పిన్, నంబర్ కాదు. ఉండి తీరాల్సింది 7 కాబట్టి ముందు దాన్నే కూర్చోబెడదాం. పెళ్ళి ఫొటోలో ముందు పెళ్ళికూతుర్ని నిలబెట్టి, తర్వాత మిగతావాళ్ళని సర్దుతారు చూడండి, అలా అన్నమాట. 7కి నాలుగు సీట్లు ఉన్నాయి, అంటే 4 రకాలు. మిగిలిన మూడు సీట్లకి తొమ్మిది అంకెలు ఉన్నాయి: 9 × 8 × 7 = 504. మొత్తం 4 × 504 = 2016.

ఇది కరెక్టేనా? ఇంకో దారిలో చెక్ చేద్దాం. రిపీట్ లేకుండా మొత్తం పిన్‌లు 10 × 9 × 8 × 7 = 5040. అందులో అసలు 7 లేనివి 9 × 8 × 7 × 6 = 3024. తీసేస్తే 2016. రెండు దారులూ ఒకే ఊరికి చేరాయి. మీ పుస్తకంలో ఉండే ఫార్ములా కూడా ఇదే: ఆ వస్తువుకి ఎన్ని సీట్లో, దాన్ని మిగతా వస్తువులతో మిగతా సీట్లు నింపే రకాలతో గుణించడం. బట్టీ పట్టక్కర్లేదు, పెళ్ళికూతురు గుర్తుంటే చాలు.

ఇప్పుడు అసలు మెలిక. నిజం పిన్‌లో అంకెలు రిపీట్ అవుతాయి. 7711 పెట్టుకున్నా ఎవరూ వద్దనరు. చాలామంది పాత పద్ధతే వాడేస్తారు: 7కి 4 సీట్లు, మిగతా మూడు సీట్లలో ఒక్కోదానికి 10 అంకెలు, కాబట్టి 4 × 1000 = 4000. చూడ్డానికి ఎంత నీట్‌గా ఉందో! పరీక్షలో ఆప్షన్లలో కూడా ఈ 4000 పెట్టడం పేపర్ సెట్ చేసేవాళ్ళకి చాలా ఇష్టం. కానీ అది తప్పు.

ఎందుకు తప్పో చిన్న ఉదాహరణలో చూద్దాం, అదీ మన తెలుగు క్లాసులోంచే. యమాతారాజభానసలగం గుర్తుందా? మూడక్షరాల గణాలు ఎనిమిది. గురువు, లఘువు, ఇలా ఒక్కో స్థానంలో రెండు రకాలు కాబట్టి 2 × 2 × 2 = 8. అన్నట్టు, ఛందస్సులో కూడా ఇలా గురులఘువుల వరుసలన్నీ రాయడాన్ని ప్రస్తారం అనే అంటారు. సరే, కనీసం ఒక గురువు ఉన్న గణాలు ఎన్ని? న గణం ఒక్కటే మూడూ లఘువులు. కాబట్టి 8లో ఒకటి పోతే 7. ఇప్పుడు "ముందు కూర్చోబెట్టే" పద్ధతిలో చూడండి: గురువుకి 3 స్థానాలు, మిగతా రెండు స్థానాలకి 2 × 2 = 4. మొత్తం 12 వచ్చింది! ఉన్న గణాలే ఎనిమిది, పన్నెండు ఎక్కడి నుంచి వచ్చాయి? మ గణంలో మూడూ గురువులే. దాన్ని మొదటి గురువు పేరు మీద ఒకసారి, రెండోదాని పేరు మీద ఒకసారి, మూడోదాని పేరు మీద ఇంకోసారి, మొత్తం మూడుసార్లు లెక్కపెట్టేశాం. రెండు గురువులున్న గణాల్ని రెండేసి సార్లు లెక్కపెట్టాం.

పిన్‌లో జరిగింది కూడా ఇదే. 7711 రెండుసార్లు లెక్కకి వచ్చింది, 7777 నాలుగుసార్లు వచ్చింది. అందుకని రిపీట్ ఉన్నప్పుడు తీసివేత దారి పట్టుకోండి. మొత్తం 10,000. అసలు 7 లేనివి 9 × 9 × 9 × 9 = 6561. మిగిలింది 3439. నమ్మకం కుదరకపోతే విడగొట్టి చూడండి. ఒకే 7 ఉన్నవి 2916, రెండున్నవి 486, మూడున్నవి 36, నాలుగూ 7లే అయితే 1. కూడితే మళ్ళీ 3439.

అంటే చూడండి, ఒక్క అంకె కనపడితేనే పదివేలు కాస్తా మూడోవంతుకి పడిపోయాయి. ఆరంకెల పిన్ అయితే? పది లక్షల్లోంచి 7 లేనివి 5,31,441 పోతే 4,68,559 మిగులుతాయి. దాదాపు సగం.

ఇంకో సీన్. మీ ఫోన్ లాక్ స్క్రీన్ మీద వేలి మరకలు. మిర్చి బజ్జీ తిన్న చేత్తో అన్‌లాక్ చేశారు, నాలుగు అంకెల మీద నాలుగు మరకలు పడ్డాయి. ఇప్పుడు ఆ నాలుగూ ఉండి తీరాలి. 4 × 3 × 2 × 1 = 24. పదివేలు ఎక్కడ, 24 ఎక్కడ!

మరి మూడే మరకలు ఉంటే? తక్కువ మరకలు కాబట్టి ఇంకా ఈజీ అనిపిస్తుంది కదా. లెక్కేద్దాం. మూడింట్లో ఒకటి రెండుసార్లు వచ్చింది. అది ఏది? 3 రకాలు. ఒక్కసారే వచ్చిన రెండు అంకెల్ని నాలుగు సీట్లలో కూర్చోబెట్టడానికి 4 × 3 = 12 రకాలు. మిగిలిన రెండు సీట్లూ రిపీట్ అంకెవే. 3 × 12 = 36. అంటే మూడు మరకలే వాడికి ఎక్కువ కష్టం! రెండే మరకలు ఉంటే మాత్రం 16లోంచి ఒకే అంకె నిండినవి రెండు పోయి 14.

చాలా బ్యాంకుల్లో మూడుసార్లు తప్పు కొడితే కార్డు బ్లాక్ అవుతుంది. నాలుగంకెలూ తెలిసినవాడికి ఆ మూడు ప్రయత్నాల్లో దొరికే అవకాశం ఎనిమిదింట్లో ఒకటి. ఒక్క 7 మాత్రమే తెలిసినవాడికి వెయ్యింట్లో ఒకటి కూడా రాదు. అది కూడా మీరు ఊహకి అందని పిన్ పెట్టుకుంటేనే. పుట్టిన సంవత్సరం పెట్టుకుంటే ఈ లెక్కలేవీ మిమ్మల్ని కాపాడవు. అందుకే ఏటీఎంలో రెండో చెయ్యి అడ్డం పెట్టండి, స్క్రీన్ తుడవండి, ఛాన్స్ ఉంటే ఆరంకెలకి మారండి.

పరీక్ష రాసేవాళ్ళకి ఒక్క మాట. లెక్క చదవగానే "రిపీట్ ఉందా, లేదా?" అని చూడండి. లేకపోతే ముందు కూర్చోబెట్టండి. ఉంటే మొత్తంలోంచి లేనివి తీసెయ్యండి.

చివరిగా మీకో పని. రిపీట్ అవ్వచ్చు, కానీ నాలుగంకెల పిన్‌లో 7, 2 రెండూ ఉండాలి. ఎన్ని? జవాబు 974. నేను చెప్పేశాను కాబట్టి మీరు దారి చెప్పాలి. ఒక చిన్న క్లూ: 7 లేనివీ, 2 లేనివీ తీసేటప్పుడు రెండూ లేని పిన్‌లు రెండుసార్లు పోతాయి, జాగ్రత్త. కాగితం మీద వేసి చూడండి. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం.